సర్పంచ్ బ్యాలెట్ మీద రెండో అంకెకు చోటివ్వండి

రాష్ట్ర పంచాయతీరాజ్, గ్రామీణాభివృద్ధి శాఖ మంత్రివర్యులకు పత్తికొండ నుంచి ఒక విశ్రాంత ఉపాధ్యాయురాలు నమస్కరించి రాస్తున్న బహిరంగ లేఖ.

అయ్యా,

2021 ఫిబ్రవరి పంచాయతీ ఎన్నికల్లో మా జిల్లాలోని ఒక చిన్న పల్లెలో నాకు పోలింగ్ విధులు పడ్డాయి. మిరపకాయ కోతలకు గుంటూరు వైపు సుగ్గికి వెళ్లినవాళ్లను అభ్యర్థులు రాత్రికి రాత్రి వాహనాల్లో ఊరికి చేర్చారు. పొద్దెక్కాక ఒక పెద్దావిడ గులాబీ రంగు బ్యాలెట్ కాగితం చేత పట్టుకుని నా బల్ల దగ్గరే నిలబడిపోయింది. "ఒకడు నా చెల్లెలి కొడుకు, ఇంకొకడు మా మరిది కొడుకు. ఇద్దరూ నా చేతి ముద్ద తిన్నవాళ్లే. ఒకడికి ముద్ర వేసి, రెండోవాడికి ఏదైనా చిన్న గుర్తు పెట్టే వీలుందా అమ్మా?" అని అడిగింది. ఒక్కరికే వేయాలి, ఇద్దరికి వేస్తే ఓటు చెల్లదు అని చెప్పి పంపాను. ఆ సాయంత్రం అదే బడిలో లెక్కింపు. చెల్లని ఓట్ల కట్టలో రెండు ముద్రలున్న కాగితం ఒకటి కనిపించింది. అది ఆమెదేనని నేను చెప్పలేను. కానీ ఆమె ప్రశ్న మాత్రం నన్ను వదల్లేదు. ఆమె అడిగింది తప్పు కాదు. మన బ్యాలెట్‌కే ఆమె మనసును రాసుకునే చోటు లేదు.

ఆ ఊళ్లో నలుగురు పోటీ చేశారు. గెలిచిన ఆయనకు వచ్చినవి చెల్లిన ఓట్లలో మూడో వంతుకు కాస్త పైన. మిగతా రెండు వంతుల మంది ఆయనను కోరుకోలేదో, రెండో మాటగా కోరుకునేవారో ఎవరికీ తెలియదు, ఎందుకంటే ఎవరూ అడగలేదు. ఆ తర్వాత కుళాయి ఏ వీధికి ముందు, సిమెంటు రోడ్డు ఎక్కడి దాకా అన్న ప్రతి మాటలోనూ "మీరు మాకు వేయలేదు కదా" అన్నదే వినిపించిందని అక్కడి నా పూర్వ విద్యార్థులు చెబుతారు.

నేను మిమ్మల్ని కోరేది ఇది: సర్పంచ్ ఎన్నికలో ఓటరు తన మొదటి ఇష్టానికి 1, అది కుదరకపోతే ఎవరో 2, ఆపైన 3 అని వేసే హక్కు కల్పించండి. దీన్నే ప్రాధాన్య ఓటు అంటారు. దీనికి పార్లమెంటు దాకా పోనక్కరలేదు. గ్రామ స్థాయి పంచాయతీ అధ్యక్షుడిని ఎన్నుకునే పద్ధతిని రాష్ట్ర శాసనసభ చట్టం ద్వారా నిర్ణయించవచ్చని రాజ్యాంగంలోని 243సి అధికరణ స్పష్టంగా చెబుతోంది. 1994 నాటి పంచాయతీరాజ్ చట్టాన్ని సవరిస్తే చాలు. పైగా పంచాయతీల్లో మనం వాడేది కాగితపు బ్యాలెట్, పార్టీల గుర్తులు ఉండవు. ఇంతకంటే అనువైన చోటు మరొకటి దొరకదు.

ఈ పద్ధతి మనకు పరాయిది కాదు. మా కడప, అనంతపురం, కర్నూలు పట్టభద్రులు శాసనమండలి సభ్యుడిని ఎన్నుకునేది ఇలాగే. 2023 మార్చిలో దాదాపు యాభై మంది పోటీపడిన ఆ ఎన్నికలో, మొదటి ప్రాధాన్య ఓట్లలో వైఎస్సార్ కాంగ్రెస్ అభ్యర్థి ముందున్నారు. కానీ ఎవరికీ సగానికి పైగా ఓట్లు రాలేదు. అట్టడుగున ఉన్నవారిని ఒక్కొక్కరినే తొలగిస్తూ, వారి కాగితాల మీది తర్వాతి అంకె ఎవరికి ఉందో చూసి వారికి చేరుస్తూ పోతే, చివరికి తెలుగుదేశం అభ్యర్థి సుమారు ఏడున్నర వేల ఆధిక్యంతో గెలిచారు.

రాష్ట్రపతి ఎన్నికా ఇంతే. మా అనంతపురం జిల్లా ఇల్లూరులో పుట్టిన నీలం సంజీవరెడ్డి గారు 1969లో ఓడింది ఈ లెక్కలోనే. అక్కడ ఓటేసేది ఎంపీలు, ఎమ్మెల్యేలు, ఒక్కొక్కరి ఓటుకు నిర్ణీత విలువ ఉంటుంది. ఆ విలువల లెక్కన మొదటి ప్రాధాన్యంలో వి.వి.గిరి గారికి 4,01,515, సంజీవరెడ్డి గారికి 3,13,548, సి.డి.దేశ్‌ముఖ్ గారికి 1,12,769 వచ్చాయి. గెలవడానికి కావలసినవి 4,18,169. దేశ్‌ముఖ్ గారితో సహా తొలగిపోయినవారి ఓట్లలో దాదాపు 92 వేలు సంజీవరెడ్డి గారికే చేరాయి. గిరి గారికి చేరింది 18,562 మాత్రమే. అయినా ఆ కొద్దిపాటితోనే ఆయన గీత దాటి 4,20,077 దగ్గర నిలిచారు. మావాడు 4,05,427 దగ్గర ఆగిపోయాడు. రెండో అంకె వెనుకబడినవాడిని ఎత్తి గెలిపించే మంత్రం అనుకునేవారికి నేను ఈ కథే చెబుతాను. సగానికి పైగా మందికి ఎవరు ఆమోదమో తేల్చడం వరకే దాని పని.

"పల్లెల్లో జనానికి ఇవన్నీ అర్థం కావు" అన్నది మొదట వచ్చే అభ్యంతరం. ఆ మాటకు బరువైన చరిత్రే ఉంది. 1949 జనవరి 4న రాజ్యాంగ సభలో లోక్‌సభకు దామాషా ప్రాతినిధ్యం, అంటే వచ్చిన ఓట్ల వాటాను బట్టి స్థానాలు దక్కే పద్ధతి, కావాలన్న సవరణ వచ్చినప్పుడు, అది అక్షరాస్యత విస్తారంగా ఉన్న దేశాలకే తగుతుందని, పైగా సుస్థిర ప్రభుత్వానికి అడ్డమవుతుందని డాక్టర్ అంబేద్కర్ గారు తిరస్కరించారు. ఆనాటికి ఆ మాట న్యాయమైనదే. 1951 జనాభా లెక్కల్లో దేశంలో చదవగలిగినవారు నూటికి 18 మంది. 2011 నాటికి ఆ సంఖ్య 70 దాటింది. పదిహేనేళ్ల మనవరాలు ఫోనులో డబ్బు పంపుతుంటే పక్కన కూర్చుని అంకెలు సరిచూసే అవ్వలను నేను రోజూ చూస్తున్నాను.

పిల్లలకే అర్థమైంది కూడా. పదవీ విరమణకు ముందు మా తొమ్మిదో తరగతి నాయకుడి ఎన్నికను ఇలా జరిపించాను. 42 మంది ఓటర్లు, నలుగురు అభ్యర్థులు, ఒక్కొక్కరికీ ఒక గుర్తు. మొదటి లెక్కలో గాలిపటానికి 13, గంటకు 12, మామిడికాయకు 10, చేపకు 7. గెలవాలంటే సగానికి ఒకటి ఎక్కువ, అంటే 22 కావాలి. చేపను తొలగించి ఆ ఏడు కాగితాలు విప్పితే ఐదింటి మీద 2 అన్న అంకె మామిడికాయ ఎదుట, రెండింటి మీద గంట ఎదుట ఉంది. ఇప్పుడు మామిడికాయ 15, గంట 14, గాలిపటం 13. మొదట ముందున్న గాలిపటం అడుగుకు వెళ్లిపోయింది! ఆ పదమూడింటిలో తొమ్మిది గంటకు, మూడు మామిడికాయకు చేరాయి. ఒకరు 1 వేసి ఊరుకున్నారు. గంట 23తో గెలిచింది.

గాలిపటం పిల్లవాడు ఊరుకోలేదు. "ముందున్నది నేను కదా టీచర్" అన్నాడు. వాడికి సమాధానం నేను చెప్పలేదు, పక్క బెంచీ పాప చెప్పింది. "ఇరవై తొమ్మిది మంది నిన్ను మొదట కోరలేదు. చేపకు వేసినవాళ్లలో ఒక్కరు కూడా నిన్ను రెండోవాడిగా కూడా కోరలేదు." వాడు నల్లబల్ల మీది అంకెలు రెండుసార్లు కూడి చూసుకుని కూర్చున్నాడు. మొత్తం పని ఒక పీరియడులో అయిపోయింది.

అయ్యా, ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. మా సీమ పల్లెల్లో సర్పంచ్ ఎన్నిక అంటే ఊరు వర్గాలుగా విడిపోవడం. ఎదుటి వర్గం వీధిలోకి అభ్యర్థి అడుగు పెట్టడు. పెట్టి లాభం లేదు, అక్కడి ఓట్లు ఎలాగూ రావని అతనికి తెలుసు. రెండో అంకె ఉంటే ఆ లెక్క మారిపోతుంది. "మొదటి ఓటు మీవాడికే వేసుకోండి, రెండోది నాకు వేయండి" అని అడగడానికి ఆ గడప తొక్కాలి. నిన్న తిట్టిన నోటితో ఇవాళ ఆ మాట అడగలేడు. గెలిచాక కూడా, తనను గట్టెక్కించిన రెండో అంకెలు ఏ వీధి నుంచి వచ్చాయో ఖచ్చితంగా తెలియదు గనుక ఏ వీధికీ కుళాయి కట్టేయలేడు.

ఇద్దరే పోటీలో ఉన్న ఊళ్లో ఇది దేన్నీ మార్చదు, ఆ సంగతి నాకు తెలుసు. కానీ ఇద్దరే ఎందుకు మిగులుతున్నారో చూడండి. మూడోవాడు నామినేషన్ వేస్తే "నువ్వు ఓట్లు చీలుస్తావు, పక్క వర్గం గెలుస్తుంది" అని ఇంటికి వచ్చి మరీ ఉపసంహరింపజేస్తారు. జనరల్ స్థానంలో నిలబడతానన్న ఒక స్వయం సహాయక సంఘం నాయకురాలికి ఇదే జరిగింది, నేను ఎదుటే ఉన్నాను. ప్రాధాన్య ఓటులో ఓటు చీలదు. ఆమెకు 1 వేసినవారి కాగితం, ఆమె ఓడితే, వారి రెండో ఇష్టానికే చేరుతుంది. ఏకగ్రీవమైన పంచాయతీలకు ప్రభుత్వం ప్రోత్సాహక నగదు ఇస్తోంది. ఊరి ఐక్యత కోసమే ఆ డబ్బు అయితే, నలుగురు నిలబడి కూడా ఊరు విరగకుండా ఉండే మార్గం ఇదిగో, ఖర్చు తక్కువ.

తెగల మధ్య పగలు మనకంటే చాలా ఎక్కువ ఉన్న పాపువా న్యూ గినీలో దీన్ని అనుభవంతో నేర్చుకున్నారు. అక్కడ ఒకే ముద్ర పద్ధతిలో పదో వంతు ఓట్లు కూడా లేకుండా గెలిచినవారు ఉండేవారు. 2007 సాధారణ ఎన్నికల నుంచి ప్రతి ఓటరు మూడు ప్రాధాన్యాలు వేస్తున్నాడు. అక్కడ ఎన్నికల హింస పోయిందని నేను అనను, పోలేదు. కానీ మరో తెగ దగ్గరకు వెళ్లి రెండో ఓటు అడగడం అభ్యర్థికి అవసరమైన పనిగా మారింది.

మూడు అంకెలకే పరిమితం చేయమని నేనూ కోరుతున్నాను, అందుకు ఇంకో కారణం ఉంది. పది మంది నిలబడిన చోట పదింటికీ అంకెలు వేయనిస్తే, డబ్బు పంచినవాడు "నువ్వు ఈ వరుసలో వేయి" అని ఒక్కొక్కరికి ఒక్కో వరుస చెప్పి, లెక్కింపులో ఆ వరుస కోసం కన్నేసి ఉంచగలడు. ఓటు రహస్యం అక్కడే పోతుంది. మూడే అయితే ఆ ఎత్తు పారడం కష్టం. రెండో ఓటుకు కూడా డబ్బు పంచరా అంటే, పంచుతారు. ఇప్పుడు పంచుతున్నది ఆపలేని మనం ఆ కారణంతో దీన్ని ఆపకూడదు.

చెల్లని ఓట్ల భయం మాత్రం నిజమైనది. మండలి ఎన్నికలో డిగ్రీ చదివినవారే అలవాటు కొద్దీ టిక్కు పెట్టి ఓటు పోగొట్టుకుంటారు. అక్కడి నిబంధన ప్రకారం అంకె రోమన్‌లో వేసినా, తెలుగు ౧ వేసినా చెల్లుతుంది, "ఒకటి" అని అక్షరాల్లో రాస్తే చెల్లదు. పల్లెలో అంత కాఠిన్యం వద్దు. ఒక్క ముద్ర మాత్రమే వేసినా, ఒక్క టిక్కు మాత్రమే పెట్టినా దాన్ని 1గా లెక్కించాలని చట్టంలోనే రాయండి. అప్పుడు అంకె రానివారు ఇవాళ వేస్తున్న ఓటును ఏమాత్రం నష్టపోరు.

వార్డు సభ్యుల సంగతి కొంచెం పెద్దది, అయినా చెప్పాలి. ఒకే స్థానం ఉన్నచోట ప్రాధాన్య ఓటు అందరికీ ఆమోదమైనవాడిని తెస్తుంది తప్ప, తక్కువ సంఖ్యలో ఉన్నవారికి వాటా ఇవ్వదు. వాటా కావాలంటే ఒకే చోట నుంచి పలువురిని ఎన్నుకోవాలి. రాజ్యసభకు మన ఎమ్మెల్యేలు చేసేది అదే. ఒక్కో ఎమ్మెల్యే ఓటు విలువ 100. 175 మందీ ఓటేసి, మూడు స్థానాలు ఖాళీ అయితే, 17,500ను నాలుగుతో భాగించి ఒకటి కలిపితే 4,376, అంటే 44 మంది మొదటి ఓటు దక్కినవాడు ఖాయంగా గెలుస్తాడు. అతనికి మిగిలిపోయిన అదనపు విలువ కూడా వృథా కాదు, తర్వాతి ఇష్టానికి బదిలీ అవుతుంది. ఐర్లాండు, మాల్టా దేశాలు పార్లమెంటునే ఇలా ఎన్నుకుంటాయి. మన పంచాయతీలో నాలుగు వార్డులు కలిపి నలుగురిని ఇలా ఎన్నుకుంటే, వెయ్యి ఓట్లలో 201 ఉన్న తండా తన మనిషిని తానే పంపుకోగలదు, ఎవరి దయా అక్కరలేదు.

వాటా లేకపోతే ఏమవుతుందో మా జిల్లాలే సాక్ష్యం. 2019లో ఉమ్మడి కర్నూలులో 14కు 14 అసెంబ్లీ స్థానాలూ ఒక పక్షానివి. 2024లో ఉమ్మడి అనంతపురంలో 14కు 14 దాని ప్రత్యర్థి కూటమివి. రాష్ట్రమంతటా చూస్తే 2019లో తెలుగుదేశానికి, 2024లో వైఎస్సార్ కాంగ్రెస్‌కు వచ్చిన ఓట్లు దాదాపు సమానం, 39 శాతం చొప్పున. దక్కిన స్థానాలు 175లో ఒకరికి 23, మరొకరికి 11. ఈ దెబ్బ రెండు వైపులా తగిలింది గనుకనే ఏ పక్షమైనా దీని గురించి ఇప్పుడు మాట్లాడగలదని నా ఆశ. లోక్‌సభకు కొన్ని స్థానాలైనా దామాషాలో నింపాలని లా కమిషన్ 1999లో తన 170వ నివేదికలో చెప్పింది. ఢిల్లీ సంగతి ఢిల్లీ చూసుకుంటుంది. మీ చేతిలో ఉన్నది పంచాయతీ.

రాష్ట్రమంతా ఒకేసారి మార్చమని అడగను. చట్టంలో వీలు కల్పించి, కర్నూలు, అనంతపురం, కడప జిల్లాల్లో ఒక్కో మండలంలో మొదట అమలు చేయండి. నోటిఫికేషన్‌కు ముందు ప్రతి ఊళ్లో రచ్చబండ దగ్గర ఒక నమూనా ఎన్నిక, నమూనా లెక్కింపు జరిపించండి. అసలు లెక్కింపులో ప్రతి తొలగింపు తర్వాత ఎవరి ఓట్లు ఎవరికి చేరాయో తెలుగులో బోర్డు మీద రాయించండి. రెండు వేల ఓట్ల ఊరికి ఇది అదనంగా ఒకటి రెండు గంటల పని.

మా తరగతి నమూనా బ్యాలెట్‌ను, నల్లబల్ల మీద వేసిన లెక్కను కాగితం మీదికి ఎక్కించి మీ కార్యాలయానికి వేరుగా పోస్టు చేశాను. మీ అధికారులు ఏ మండలాన్ని ఎంచుకున్నా, పోలింగ్ సిబ్బందికి ఈ లెక్కింపు నేర్పడానికి నేను సొంత ఖర్చుతో వస్తాను.

ఇట్లు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయురాలు,
పత్తికొండ, కర్నూలు జిల్లా