గాడ్జిల్లాకు 28 ఏళ్ల ముందు

సంపాదకులకు,

జపాన్ భయానక చిత్రాల ప్రస్తావన వస్తే చాలు, మన సినిమా పేజీలు 1954 నాటి గాడ్జిల్లాతో మొదలుపెడతాయి. కానీ 1926లోనే తెయినొసుకె కినుగాస 'కురుట్ట ఇప్పేజి' (ఒక పిచ్చి పేజీ) అనే మూకీ తీశాడు. పిచ్చాసుపత్రిలో ఉన్న భార్యకు దగ్గరగా ఉండాలని అక్కడే నౌకరుగా చేరిన ముసలివాడి కథ ఇది. రచనలో, తర్వాత నోబెల్ అందుకున్న నవలాకారుడు యసునారి కవబాత చెయ్యి ఉంది. తర్వాత గాడ్జిల్లాకు ట్రిక్కులు చేసిన ఎయిజి సుబురాయ ఇందులో కెమెరా సహాయకుడు. పోయిందనుకున్న ఫిల్ము 1971లో దర్శకుడి ఇంట్లోనే దొరికింది.

ఇందులో ఒకదానిమీదొకటి పరుచుకునే బొమ్మల్ని ల్యాబ్‌లో కలిపారనుకుంటారు. ఆ రోజుల్లో ఆ పని కెమెరాలోనే జరిగేది. చేత్తో తిప్పే కెమెరా హ్యాండిల్ ఒక చుట్టుకు 8 ఫ్రేములు, సెకనుకు 2 చుట్లు. 10 సెకన్ల షాట్ అంటే 20 చుట్లు, 160 ఫ్రేములు, సరిగ్గా 10 అడుగుల ఫిల్ము. లెన్సుకు మూతపెట్టి 20 చుట్లూ వెనక్కి తిప్పి, రెండో బొమ్మ తీయాలి. రెండింటికీ వెలుతురు నిండుగా ఇస్తే తెర తెల్లబోతుంది; ఒక్కోదానికి ఒక స్టాప్ తగ్గించాలి, అంటే వెలుతురు సగం చేయాలి; మూడు బొమ్మలైతే సుమారు ఒకటిన్నర స్టాప్. మన ద్విపాత్రాభినయాలకూ మద్రాసులో సగం లెన్సు మూసి ఇలాగే తీసేవారు.

అసలు చిక్కు వేరే ఉంది. వెలుతురు మీద వెలుతురు చేరుతుందేగానీ నలుపు దేన్నీ కప్పదు. తెల్లదుస్తుల నర్తకి మీద నల్ల ఊచలు వేస్తే ఊచలే మాయమవుతాయి. వాటికి తెల్లరంగు పూసి, నల్లగుడ్డ ముందు తీయాలి. పాత సినిమాల్లో దయ్యం ఒంట్లోంచి గోడ కనిపించేదీ ఇందుకే. చుట్ల లెక్క ఒకటి తప్పినా, స్టాండుకు కాలు తగిలినా, వెనక్కి తిప్పేటప్పుడు మూత మరిచినా అంతకుముందు తీసిందంతా దండగ. ఫిల్ము కడిగేదాకా ఆ సంగతి తెలియదు కూడా.

ఇంత లెక్కతో తీసిన మూకీని టాకీల్లా సెకనుకు 24 ఫ్రేముల వేగంతో ఆడిస్తే భయం పోయి నవ్వొస్తుంది. నడకలు పరుగుల్లా కనిపిస్తుంటే ప్లేయర్‌లో వేగం మూడింట రెండు వంతులకు, అంటే సుమారు 0.67కి తగ్గించండి. ఈ చిత్రంలో అక్షరాల కార్డులు లేవు. అప్పట్లో తెర పక్కన బెన్షి అనే వ్యాఖ్యాత కథ చెప్పేవాడు. కాబట్టి ప్రదర్శించే ఫిల్మ్ క్లబ్బులు కథను తెలుగులో ఒక పేజీ అచ్చువేసి ముందే పంచాలి. చీకట్లో పక్కవాడి చెవిలో అడిగే గొడవ తప్పుతుంది.

– ఒక ఛాయాగ్రాహకుడు, హైదరాబాద్