సొరంగంలో రంగు లైట్లు మాత్రం వద్దండి

ఎడిటర్ గారికి నమస్కారం.

పోయిన వారం మీ ఉత్తరాల పేజీలో ఒకాయన రాశారు, రైళ్ళు తిరగడం మానేసిన పాత సొరంగాలన్నిటికీ రంగు లైట్లు పెట్టి, లోపల పాటలు పెట్టి, సెల్ఫీ పాయింట్లు కట్టి టూరిజం చెయ్యాలి, ఊరికే పాడుబెట్టుకోవడం దేనికి అని. పాడుబెట్టకూడదు అన్నంతవరకు ఆయన మాటే నా మాట. ఆ లైట్ల దగ్గరకొచ్చేసరికి మాత్రం పేపర్ మడిచి పక్కన పడేశా, మళ్ళీ తీసి చదివా, ఇదిగో ఇప్పుడు రాయడానికి కూర్చున్నా. ముప్పై రెండేళ్ళు రైల్వేలో ట్రాక్ పని చేసి రిటైరయినవాణ్ణి, సొరంగాల్లో ట్రాలీ మీద తిరిగినవాణ్ణి, కాస్త చాదస్తం ఉంటుంది, ఓపిక పట్టండి.

అలా ఓ సొరంగాన్ని టూరిస్టులకి ఇస్తే ఎలా ఉంటుందో నేను కళ్ళారా చూసొచ్చా. మా అబ్బాయి వర్జీనియాలో ఉంటాడు, కిందటేడు ఎండాకాలం నేనూ మా ఆవిడా వెళ్ళాం. అక్కడ మాల్స్ చూపిస్తారు, పెద్ద పెద్ద బిల్డింగులు చూపిస్తారు, నాకు రెండ్రోజుల్లోనే విసుగొచ్చేసింది. అది మా కోడలు కనిపెట్టి "మామయ్యా, మీకు నచ్చే చోటొకటుంది రండి" అని శనివారం పొద్దున్నే కారెక్కించింది. అదే ఆఫ్టన్ అనే ఊరి దగ్గర బ్లూ రిడ్జ్ సొరంగం. పొడవు 4,273 అడుగులు, అంటే కిలోమీటరు మీద ఇంకో మూడొందల మీటర్లు అనుకోండి. 1850లో మొదలుపెట్టి 1858లో రైలు నడిపారు, అప్పటికి ఉత్తర అమెరికా మొత్తమ్మీద ఇంత పొడవు సొరంగం ఇంకోటి లేదు.

దీని ఇంజినీరు పేరు క్లాడియస్ క్రోజే. పుట్టుక ఫ్రాన్స్‌లో, నెపోలియన్ సైన్యంలో పనిచేసి 1812లో రష్యా మీదకి వెళ్ళి అక్కడ ఖైదీగా చిక్కి, బయటపడ్డాక అమెరికా చేరి వెస్ట్ పాయింట్ అనే అక్కడి మిలిటరీ కాలేజీలో పాఠాలు చెప్పాడు. ఆ సొరంగానికి కాస్త ఇవతల ఆయన పేరుతో ఓ ఊరు కూడా ఉంది. సొరంగం మొదలుపెట్టేటప్పటికి ఆయనకి అరవై ఏళ్ళు దాటాయి, మన దగ్గరైతే దండేసి ఇంటికి పంపేసే వయసు.

నాకు మతిపోయింది ఏంటంటే, మామూలుగా పొడవాటి సొరంగం తవ్వాలంటే కొండ పైనుంచి మధ్యలో ఒకటో రెండో బావులు దింపుతారు, అప్పుడు పని ఎక్కువ చోట్ల ఒకేసారి నడుస్తుంది, గాలి కూడా ఆడుతుంది. ఇక్కడ కొండ అంత ఎత్తుంటే బావులు ఎక్కడ దింపుతారు? అందుకని రెండు కొసల నుంచే తవ్వుకుంటూ వచ్చారు. 1856 డిసెంబర్ ఆఖర్లో ఇటువాళ్ళూ అటువాళ్ళూ కలిశారు, తేడా అంగుళాల లెక్కలోనే వచ్చిందట. లేజర్లూ కంప్యూటర్లూ ఉన్న రోజుల్లో ఎలైన్‌మెంట్ కుదరక తలలు పట్టుకున్నవాళ్ళని నేను చూశా కాబట్టి ఈ మాట దగ్గర కాసేపు ఆగాల్సొచ్చింది, మా ఆవిడ "ఏంటి ఇక్కడే ఉండిపోతారా" అని కూడా అంది.

ఇక లోపల సంగతి. ఆఫ్టన్ వైపు కారు ఆపి చదును దారిలో నడుచుకుంటూ వెళ్తే పక్కనే కంచె అవతల ఇప్పుడు వాడే పట్టాలు కనిపిస్తాయి. పెద్ద బళ్ళకి పాత సొరంగం ఇరుకైపోయిందని 1944లో దాని పక్కనే కొత్తది తవ్వుకుని దీన్ని వదిలేశారు. అప్పుడు బయట ఎండ మండిపోతోంది. సొరంగం మూతి ఇంకా ఇరవై అడుగుల దూరం ఉందనగానే చల్లటి గాలి కాళ్ళకి తగిలింది, మూతి దగ్గరకొచ్చేసరికి ఏసీ గది తలుపు తీసినట్టుంది. లోపల ఎప్పుడూ పదీ పన్నెండు డిగ్రీలేనట. మా మనవరాలు తలకి లైటు కట్టుకుని "తాతా నా వెనకే రా" అని ముందు నడిచింది. నేను గొప్పకి పోయి ఫోన్ లైటు చాలన్నా, పావు దూరం వెళ్ళాక ఆ ఫోన్ చార్జింగ్ కాస్తా అయిపోయింది, అక్కణ్ణుంచి ఆరేళ్ళ పిల్ల చొక్కా పట్టుకుని నడిచా.

లోపల ఒక్క బల్బు కూడా లేదండి. ఒక్కటంటే ఒక్కటి కూడా. టికెట్టు లేదు, మ్యూజిక్ లేదు, కాఫీ కొట్టు లేదు, పొద్దు పొడిచినప్పట్నుంచి పొద్దుగూకేదాకా ఎవరైనా వెళ్ళొచ్చు. లైను తిన్నగా ఉంటుంది కాబట్టి అవతలి కొస దూరంగా ఆవగింజంత వెలుతురులా కనిపిస్తుంది. ఎంత నడిచినా అది పెద్దదవ్వదు. మధ్యకొచ్చాక మా కోడలు అందరి లైట్లూ ఆర్పించింది. నా చెయ్యి నాకు కనపడలేదు. ఎక్కడో నీటి చుక్క పడుతోంది, ఒకటి నా మెడ మీద కూడా పడింది, అంత పెద్దవాణ్ణి ఉలిక్కిపడ్డా, పిల్ల నవ్వు ఆ గోడల్లో ఎంతసేపు తిరిగిందో. రంగు లైట్ల ఆయన అడిగేది ఈ చీకటిని తీసేయమనే కదా, ఇక ఆ తర్వాత చూడ్డానికి ఏం మిగుల్తుందో ఆయనే చెప్పాలి.

తూర్పు వైపు సగం మామూలు రాతి గోడే, లైనింగ్ లేదు. పడమటి వైపు రాయి వదులుగా ఉండటంతో ఇటుక కట్టారు. ఆ రాతి గోడ మీద లైటు అడ్డంగా వేసి చూశా, అప్పుడు కనపడ్డాయి జంపర్ గాడులు, జంపరంటే రాతిలో రంధ్రం దింపే ఇనప కడ్డీ, అది దిగిన గుర్తులన్నమాట. సగానికి చీల్చిన వెదురు బొంగు లోపలి వైపు ఎలా ఉంటుందో అలా, బొటనవేలు పెడితే సరిగ్గా పట్టేంత. ఒకదాంట్లో వేలు పెట్టి కిందికి లాగా, నున్నగా ఉంది. ఈ పని గురించి తెలియనివాళ్ళకి చెప్తా, ఒకడు జంపర్ పట్టుకుని కూర్చుంటాడు, ఇంకొకళ్ళు సమ్మెటతో దాని నెత్తిన కొడతారు, దెబ్బకీ దెబ్బకీ మధ్య వాడు దాన్ని కొంచెం తిప్పాలి, లేకపోతే ఇరుక్కుపోతుంది, సమ్మెట గురి తప్పితే పోయేది పట్టుకున్నవాడి చెయ్యే. అలా రంధ్రం దింపి రాతిపిండి తీసేసి తుపాకి మందు కూరి వత్తి అంటించి పరిగెత్తడమే. డైనమైట్ అప్పటికింకా పుట్టలేదు, నోబెల్ దానికి పేటెంట్ తీసుకున్నది 1867లో. ఆ తుపాకి మందు పొగ బయటికి పోయే దారి లేని చోట, దీపాల వెలుతురులో, ఏళ్ళ తరబడి. పడమటి వైపు తవ్వేవాళ్ళకి అదనంగా నీళ్ళు ఒకటి. సొరంగం తూర్పుకి వాలి ఉంటుంది కాబట్టి పడమటి నుంచి తవ్వేవాళ్ళు దిగుడులోకి తవ్వాలి, ఊటంతా వాళ్ళ కాళ్ళ దగ్గరే చేరుతుంది. దాన్ని బయటికి లాగడానికి క్రోజే పొడవాటి ఇనప గొట్టంతో సైఫన్, అంటే నీళ్ళని ఎత్తు దాటించి తనంతట తానే అవతలి పల్లానికి లాగేసే ఏర్పాటు, పెట్టించాడు. సొరంగంలో సైడ్ డ్రెయిన్ పూడిపోతే ఏమవుతుందో వానాకాలం రాత్రుళ్ళు చూసినవాణ్ణి, ఆ గొట్టం విలువ నాకు తెలుసు.

ఆ సమ్మెటలు పట్టినవాళ్ళు ఎవరంటే, ఐర్లండ్‌లో కరువుకి పారిపోయి వచ్చినవాళ్ళు, బానిసలుగా ఉన్న నల్లజాతి మనుషులు. ఐరిష్ వాళ్ళు కూలి చాలక 1853లో సమ్మె కూడా చేశారు. బానిసలకి ఆ దారి కూడా లేదు, వాళ్ళని యజమానులు కాంట్రాక్టుకి అద్దెకిచ్చేవాళ్ళు, పని వీళ్ళది, డబ్బు వాళ్ళ జేబులోకి. 1854 ఎండాకాలంలో కలరా వచ్చి కూలీల పాకల్లో జనం పిట్టల్లా రాలిపోయారు. ఇంజినీరు పేరు ఊరికి పెట్టారు, వీళ్ళ పేర్లు చాలామందివి కూలి లెక్కల కాయితాల్లో తప్ప ఎక్కడా లేవు. ఆ గాడులు చూస్తుంటే నాకు నా గ్యాంగ్ మనుషులే గుర్తొచ్చారు, వాళ్ళ పేర్లు కూడా మస్టర్‌లో, అదే హాజరు పుస్తకంలో, తప్ప ఎక్కడున్నాయి.

మరి ఈ సొరంగాన్ని జనానికి తెరిచినవాళ్ళు చేసిందంతా బావుందా అంటే, అంత తొందరగా అయితే ఏం చెయ్యలేదు. వదిలేశాక 1950ల్లో లోపల గ్యాస్ నిల్వ చేద్దామని కొందరు బయల్దేరి అడ్డంగా బ్రహ్మాండమైన కాంక్రీట్ గోడలు కట్టారు, ఆ పథకం పారలేదు, గోడలు మాత్రం ఉండిపోయాయి. 2007లో రైల్వే కంపెనీ సొరంగాన్ని అక్కడి నెల్సన్ కౌంటీకి, అంటే మన జిల్లా లాంటిదానికి, ఇచ్చేసింది. జనం నడవడానికి తెరిచింది 2020 నవంబర్లో. పదమూడేళ్ళు! ఆ గోడలు పగలగొట్టడం, కప్పులో వదులుగా ఉన్న రాళ్ళు దులపడం, ఇటుక లైనింగ్ సరిచెయ్యడం, నీళ్ళు పోయే దారి చెయ్యడం, కింద నడవడానికి కంకర పొడి పరవడం. డబ్బంతా ఇలాంటి కంటికి కనపడని పనులకే పోయింది. చెప్పాల్సిన కథ బయట బోర్డుల మీద రాసి పెట్టారు, లోపల గోడని ముట్టుకోలేదు. నాకు నచ్చనిది ఒక్కటే, పడమటి వైపు దారి బాగా ఏటవాలు, మోకాళ్ళ నొప్పులున్నవాళ్ళు అటు దిగకుండా ఆఫ్టన్ వైపే వెనక్కొచ్చెయ్యడం మంచిది. మా ఆవిడ వినలేదు, సాయంత్రమంతా కాపడం పెట్టుకుంటూ కూర్చుంది.

మన దగ్గరా గేజ్, అంటే పట్టాల మధ్య వెడల్పు, మార్చినప్పుడు వదిలేసిన కట్టడాలు తక్కువేం లేవు. నల్లమలలో దొరబావి వంతెన స్తంభాలు చూడండి, మీద గర్డర్లు లేకపోయినా అడవి మధ్యలో ఎలా నిలబడి ఉన్నాయో. ఇలాంటివాటికి ఎవరైనా నిధులిస్తామంటే ముందు రాళ్ళు దులిపించమనండి, డ్రెయిన్లు తీయించమనండి, సొరంగమైతే గబ్బిలాలున్నాయో లేదో చూడమనండి. పెయింట్ డబ్బాలు పట్టుకుని మాత్రం లోపలికి ఎవర్నీ పోనివ్వొద్దు. ఒకసారి ఆ రాతికి తెల్లసున్నమో నీలం రంగో కొట్టారంటే జంపర్ గాడి పూడిపోతుంది, మళ్ళీ దాన్ని ఎవరూ తీయలేరు.

రాసినాయనకి నా మీద కోపం వస్తే రానివ్వండి, ఒకసారి చీకటి సొరంగంలోకి నడిచి చూసి అప్పుడు మళ్ళీ రాయమనండి. వెళ్ళేటప్పుడు మంచి టార్చి తీసుకెళ్ళమని కూడా చెప్పండి, ఫోన్ లైటు అస్సలు చాలదు, స్వెట్టర్ కూడా ఒకటి.

ఇట్లు,
ఒక రిటైర్డ్ రైల్వే ఉద్యోగి