ఆ ఫొటో జోన్ హిక్సన్‌ది కాదు

సంపాదకులు గారికి నమస్కారం.

'అదృష్టం వరించిన బామ్మ' అంటూ మీ ఆదివారం అనుబంధంలో బ్రిటిష్ నటి జోన్ హిక్సన్ గురించి రాసి పది రోజులైంది. సవరణ వేస్తారేమోనని రోజూ పేపర్ రాగానే ఆ పేజీలే తిరగేస్తున్నాను. ఇప్పటికీ లేదు.

ముందు ఫొటో సంగతి. మీరు వేసింది మార్గరెట్ రూథర్‌ఫర్డ్ ఫొటో. అగాథా క్రిస్టీ డిటెక్టివ్ నవలల్లో నేరాల గుట్టు విప్పే పెద్దావిడ మిస్ మార్పుల్. 1960ల్లో సినిమాల్లో ఆ పాత్ర వేసింది రూథర్‌ఫర్డ్. ఇంటర్నెట్‌లో మొదట కనిపించిన బొమ్మ తీసి పెట్టేశారని తెలిసిపోతూనే ఉంది. 1961లో వచ్చిన మొదటి సినిమాలో రూథర్‌ఫర్డ్ మార్పుల్ అయితే, హిక్సన్‌ది అందులో మిసెస్ కిడర్ అనే చిన్న వేషం. ఇరవై మూడేళ్ల తర్వాత బీబీసీ టీవీ సీరియల్‌లో ఆ మార్పుల్ పాత్రే హిక్సన్ దగ్గరికొచ్చింది. ఇది ఒక్కటి రాసినా ఎంత బాగుండేది!

'78 ఏళ్లకు అదృష్టం తలుపు తట్టింది' అట. ఏం అదృష్టమండీ? ఆవిడ రంగస్థలం ఎక్కింది 1927లో. నర్సు, ఇంటి ఓనరమ్మ, ఇలా ఏ చిన్న వేషమిచ్చినా చేశారు. 1979లో 'బెడ్‌రూమ్ ఫార్స్' నాటకానికి అమెరికా నాటకరంగంలో పేరున్న టోనీ అవార్డు అందుకున్నారు. 1940ల్లో ఆవిడ నాటకం చూసి, ఎప్పటికైనా నా మార్పుల్ వేషం నువ్వు వెయ్యాలని సాక్షాత్తూ అగాథా క్రిస్టీయే చీటీ రాసి పంపారు. బీబీసీ సీరియల్‌లో తొలి కథ ప్రసారమైంది 1984 డిసెంబరు 26న. క్రిస్టీ 1976లోనే పోయారు, చూడనే లేదు. ఆ చీటీ ఊసే మీ వ్యాసంలో లేదు.

సీరియల్ అంతా లండన్‌లో తీశారని రాశారు. మార్పుల్ ఊరు సెయింట్ మేరీ మీడ్‌గా చూపించింది హాంప్‌షైర్‌లోని నెదర్ వాలప్ అనే పల్లెని. మార్పుల్ నవలలు 12 ఉంటే పన్నెండూ చేశారావిడ. చివరిది 1992లో వచ్చేనాటికి ఆవిడకు 86.

మా అమ్మాయి తెచ్చిచ్చిన డీవీడీలు ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు. హిక్సన్ ఓ మూల కుర్చీలో ఊలు అల్లుకుంటూ ఉంటారు. చుట్టూ అందరూ పెద్ద గొంతులతో మాట్లాడుతుంటారు. ఎవరో అన్న ఒక చిన్న మాట దగ్గర ఆ సూదులు ఆగుతాయి, కళ్లు ఒక్క క్షణం పైకి లేస్తాయి. మళ్లీ అల్లిక మొదలు. డైలాగ్ ఉండదు. అలా నటించాలంటే ఎన్నేళ్లు పని చేసి ఉండాలి? దాన్ని లక్ అంటారా?

మీ ఆఫీసుకు రెండుసార్లు ఫోన్ చేశాను. మొదటిసారి డెస్క్‌కి చెప్తామన్నారు. రెండోసారి ఎవరో కుర్రాడు, 'అంత పాత నటి గురించి ఎవరు పట్టించుకుంటారు మేడమ్' అన్నాడు. ముప్పై ఏళ్లుగా మీ పేపరే వేయించుకుంటున్నాం. ఒకప్పుడు అచ్చుతప్పు పడినా మర్నాడు సవరణ వేసేవారు. ఇప్పుడు మొన్నటికి మొన్న జిల్లా పేజీలో గోదావరి పుష్కరాల సంవత్సరమే తప్పు వేశారు, అదీ మా రాజమండ్రి ఎడిషన్‌లో! రేటు మాత్రం పెరుగుతూనే ఉంది. వయసు మీరిన నటీమణి అనగానే 'బామ్మ' అని హెడ్డింగ్ పెట్టడం కూడా మీకు అలవాటైపోయింది. మగ నటులకు 80 దాటినా ఎవరినీ తాత అని రాయరు కదా.

సవరణ వేయండి. హిక్సన్ ఫొటోతో, మొదట వేసినంత సైజులో, అదే పేజీలో.

– ఒక రిటైర్డ్ టీచర్, రాజమండ్రి