అప్పడం మాట, 44,500 ఫిర్యాదులు

సంపాదకుడికి,

రియాలిటీ షోల్లో రంగు మీద, యాస మీద జోకుల గురించి వాదన వచ్చిన ప్రతిసారీ ‘నిషేధించండి’ అని కొందరు, ‘టీవీయే కదా, వదిలేయండి’ అని కొందరు అంటారు. ఇద్దరూ 2007లో బ్రిటన్‌లో జరిగింది చూడాలి.

ఆ జనవరిలో చానల్ 4 ‘సెలెబ్రిటీ బిగ్ బ్రదర్’ ఇంట్లో వంటకు వాడే స్టాక్ క్యూబుల దగ్గర శిల్పాశెట్టితో తోటి పోటీదారు జేడ్ గూడీ గొడవ ముదిరింది. ‘పాపడం’, అంటే మన అప్పడమే, శిల్పకు ఇంటిపేరైంది. బ్రిటన్ ప్రసారాల నియంత్రణ సంస్థ ఆఫ్‌కామ్‌కు 44,500 దాకా ఫిర్యాదులు వెళ్లాయి, స్పాన్సర్ తప్పుకుంది. ఇది సంస్కృతుల, వర్గాల రాపిడేనని చానల్ మొదట సర్దిచెప్పుకుంది. ప్రేక్షకులు మాత్రం 63 శాతం ఓట్లతో శిల్పను గెలిపించారు.

మేలో ఆఫ్‌కామ్ చెప్పింది వేరు. నొప్పించే మాట ప్రసారం కావడమే తప్పు అనలేదు. దానికి సందర్భం సమర్థన ఇవ్వాలంది. మూడు ఘట్టాల్లో చానల్ ఆ పని చేయలేదని తేల్చింది. జరిమానా వేయలేదు, తీర్పు సారాంశాన్ని తర్వాతి సిరీస్‌లో మూడుసార్లు ప్రసారం చేయించింది. జరిమానా అయితే ప్రకటనల రాబడిలో కొట్టుకుపోయేది! రోజంతా తీసిన ఫుటేజీ గంటకు కుదిస్తారు. తిట్టు ఉంచి, దాన్ని ఖండించిన మాట కత్తిరిస్తే ఇంట్లో చూసేవాడికి అది మామూలు మాటే.

మనకూ నియమం ఉంది. 1994 కేబుల్ టీవీ నిబంధనల్లో 6వది జాతి, భాషా, ప్రాంతీయ సమూహాలను చులకన చేసే దృశ్యాలు, మాటలు వద్దంటుంది. ముఖానికి మసి పూసుకుని ఆఫ్రికన్ వేషం వేసే స్కిట్, శ్రీకాకుళం యాసను వెక్కిరించే స్కిట్ దీని కిందికే వస్తాయి. ఆ వాక్యంలో ఒంటి రంగు ఊసు లేదు కాబట్టి ‘నల్లపిల్ల’ జోకు మీద ఫిర్యాదు రాసేవారు అదే నియమంలోని స్త్రీలను కించపరచడం అనే అంశాన్ని పట్టుకోవాలి.

ఫిర్యాదు ముందు చానల్‌కే, రాతపూర్వకంగా వెళ్లాలి. 2021 సవరణ ప్రకారం 24 గంటల్లో అందినట్టు తెలపాలి, 15 రోజుల్లో తేల్చాలి. తృప్తి లేకపోతే మరో 15 రోజుల్లో స్వీయ నియంత్రణ సంస్థకు అప్పీలు చేయవచ్చు. వినోద చానళ్లలో చాలావాటికి అది బీసీసీసీ (బ్రాడ్‌కాస్టింగ్ కంటెంట్ కంప్లయింట్స్ కౌన్సిల్). యూట్యూబ్ ముక్క లింకు ఒక్కటి పంపితే వీగిపోతుంది, ఈ నిబంధనలు టీవీ ప్రసారానికే. తేదీ, సమయం, అన్న మాట ఉన్నదున్నట్టు రాయండి. ఆ మాటకు యాంకర్, జడ్జీలు అడ్డుచెప్పారా, పగలబడి నవ్వారా అన్నదీ తప్పక రాయండి.

ఇట్లు,
ఒక పాఠకురాలు, హనుమకొండ