వాళ్లకి కరెంటు రైలు, మాకు పంటు

సంపాదకులకు,

ముంబయి లోకల్ రైళ్లపై మీ ఆదివారం వ్యాసం చదివాను. 1853లో బోరీబందర్ నుంచి ఠాణేకి నడిచిన తొలి రైలు గురించి బాగా రాశారు. కానీ రోజూ పనికెళ్లేవాళ్లకి అసలు మలుపు 1925 ఫిబ్రవరి 3. ఆ రోజు విక్టోరియా టెర్మినస్ నుంచి కుర్లాకి కరెంటు బండి కదిలింది. బొగ్గు ఇంజనైతే చివరి స్టేషన్లో విప్పి రెండో వైపు తగిలించాలి. కరెంటు బండికి రెండు చివర్లా డ్రైవరు గది ఉంటుంది, వచ్చిన దారినే వెంటనే తిరిగిపోతుంది. అందుకే బండి వెనక బండి వేయగలిగారు. 1931లో మద్రాసు బీచ్–తాంబరం మధ్య కూడా ఇవే వచ్చాయి.

మా గోదావరి వాళ్ల కథ వేరు. కాకినాడ–కోటిపల్లి లైను 1928లో వేశారు, 45 కిలోమీటర్లు. 1940లో యుద్ధం పేరు చెప్పి పట్టాలు పీక్కుపోయారు. మళ్లీ కూత వినడానికి 2004 దాకా ఆగాం. కొన్నాళ్లు తిరిగింది పట్టాల మీద నడిచే బస్సులాంటి రైల్‌బస్సే లెండి! కోటిపల్లి–నరసాపురం లైను 2000-01లో మంజూరైంది. గోదావరి పాయలు గౌతమి, వైనతేయ, వసిష్ఠ మూడింటి మీదా వంతెనలు కావాలి. నేను మాత్రం కోటిపల్లి రేవులో పంటు (జనాన్ని, బళ్లను ఏరు దాటించే పడవ) ఎక్కి ముక్తేశ్వరం వెళ్లినప్పుడల్లా ఆ లైనునే తలుచుకుంటాను.

ఈసారి రైళ్ల చరిత్ర వేస్తే మాకూ నాలుగు వాక్యాలు కేటాయించండి.

– ఒక పాఠకుడు, రామచంద్రపురం