అర్ధరాత్రి పున్నమి చంద్రుడు పొడవడు

సంపాదకులకు,

ఆదివారం అనుబంధాల్లో ఫాంటసీ కథలకు చోటు పెరగడం సంతోషమే. కానీ వాటిలో ‘పన్నెండేళ్లకోసారి, పున్నమి అర్ధరాత్రి’ అనే మాట మరీ ఎక్కువైంది. పన్నెండేళ్లకోసారి ఏరు వెనక్కి పారుతుంది, పన్నెండేళ్లకోసారి గుహ తలుపు తెరుచుకుంటుంది. పన్నెండే ఎందుకో రాసినవారికీ తెలిసినట్టు కనబడదు. ఊహాలోకం కదా, ఏం రాసినా చెల్లుతుందంటారు. మంత్రం వరకు చెల్లుతుంది. తిథులు కూడా మంత్రంతో నడిపిస్తే మాత్రం పాఠకుడికి పట్టు దొరకదు.

ముందు చంద్రుడి సంగతి. పున్నమినాడు పొద్దు వాలే వేళకే చంద్రుడు తూర్పున పొడుస్తాడు. అర్ధరాత్రికి బాగా పైకెక్కి, తెల్లవారేసరికి పడమట దిగుతాడు. ఆ తర్వాత సగటున రోజుకు 50 నిమిషాల ఆలస్యం. అర్ధరాత్రి కొండ వెనక నుంచి చంద్రుడు లేవాలంటే అది బహుళ అష్టమి అయ్యుండాలి, లేచేది సగం చంద్రుడే. శుద్ధ విదియ నెలవంకను తెల్లవారుజామున తూర్పున చూపించడం ఇంకో పొరపాటు. అది పొద్దుగూకాక పడమట కాసేపు కనబడి మాయమవుతుంది.

ఇక పన్నెండు. ఆ అంకె మనకు పుష్కరాల వల్ల అలవాటైంది. గురుడు సింహరాశిలో అడుగుపెడితే గోదావరికి, కన్యలో అడుగుపెడితే కృష్ణకు. అయితే గురుడు చుట్టు పూర్తి చేసేది 12 ఏళ్లలో కాదు, సుమారు 11.86 ఏళ్లలో. ఏడు చుట్లకు 84 ఏళ్లు కావు, 83 అవుతాయి. అందుకే ఎప్పుడో ఒకసారి పదకొండో ఏటే ముహూర్తం వచ్చిపడుతుంది. హరిద్వార్ కుంభమేళా 2010 తర్వాత 2021లోనే జరగడం ఈ లెక్క వల్లే. కథకు ఇంతకన్నా మంచి మలుపు ఏం కావాలి? గుహ తలుపు ఏడాది ముందే తెరుచుకుంటుంది, కాపలావాడు ఊళ్లో ఉండడు.

రెండు చంద్రుళ్ల లోకాలు రాసేవారికి ఒక లెక్క చెప్పాలి. పెద్ద చంద్రుడికి పున్నమి నుంచి పున్నమికి 30 రోజులు, చిన్నవాడికి 21 రోజులు అనుకుందాం. ఇద్దరూ ఆకాశంలో ఒకేచోటికి ఎన్నాళ్లకు చేరతారు? రెండింటినీ గుణించి, వచ్చిన దాన్ని వాటి తేడాతో భాగించాలి. 630ని 9తో భాగిస్తే 70. మొదటిరోజు ఇద్దరికీ పున్నమి అయితే, 70వ రోజున మళ్లీ కలుస్తారు గానీ అప్పటికి ఇద్దరూ మన బహుళ దశమి చంద్రుడంత తరిగి ఉంటారు. 140వ రోజున శుద్ధ పంచమి నాటి వంకలుగా కలుస్తారు. మళ్లీ జంట పున్నమి 210వ రోజునే. కొత్తగా ఏమీ కల్పించకుండానే ఒక పెద్ద వింతకు ముందు రెండు చిన్న వింతలు దొరికాయి.

ఆ లోకంలో ఏడాదికి 350 రోజులు పెడితే మూడేళ్లలో ఐదు జంట పున్నములు, ఎప్పుడూ అవే ఐదు తేదీల్లో వస్తాయి. కథ చప్పబడిపోతుంది. 352 పెట్టి చూడండి. మూడేళ్లకు 6 రోజుల చొప్పున అవి ముందే వస్తుంటాయి. కోతలైన నెలకు వచ్చే వరద పదిహేనేళ్లలో 30 రోజులు ముందుకొచ్చి సరిగ్గా పనల మీద పడుతుంది. అనుభవం మీద ఆధారపడ్డ పెద్దకాపు తప్పు చెప్పేది అక్కడే. మన పంచాంగంలోనూ ఈ జరుగుడు ఉంది. 12 చాంద్రమాసాలకు 354 రోజులు, సౌర సంవత్సరానికి 365. ఏటా పడే ఆ 11 రోజుల లోటును 19 ఏళ్లలో 7 అధికమాసాలు పూడుస్తాయి. మీ రాజ్యంలో ఆ పని చేసే జ్యోతిష్కుణ్ణి రాజు చెరలో పెట్టించాడనుకోండి, ఇరవై ఏళ్లలో పండుగలన్నీ గాడి తప్పుతాయి.

వింత సరిగ్గా పున్నమినాడే జరగాలన్న పట్టుదల కూడా అక్కర్లేదు. సముద్రపు పోటు పున్నమికి ఒకటి రెండు రోజులు వెనకబడి ఉచ్చస్థితికి చేరుతుంది. చైనాలో చియాన్‌తాంగ్ నది ఎదురు పారే దృశ్యం చూడటానికి జనం గుమిగూడేది ఎనిమిదో చాంద్రమాసం 18వ రోజున, అంటే పున్నమి దాటాక. నిజంగా ఏరు వెనక్కి పారే చోటే అంత ఆలస్యం ఉంటే కథలో ఎందుకుండకూడదు?

కొన్ని వింతలకు తేదీ ఉండదు, పరిస్థితులే ఉంటాయి. అస్సాంలోని జతింగాలో వానాకాలం చివర, చంద్రుడు లేని మంచు రాత్రుల్లో పక్షులు దీపాల వైపు వచ్చి పడతాయి. చీకటి, మంచు, గాలి, దీపం అన్నీ కుదరాలి. ఒకటి తగ్గినా ఆ రాత్రి ఏమీ జరగదు. తేదీ కంటే ఇదే కథకు ఎక్కువ పనికొస్తుంది, ఎందుకంటే దీపం ఆర్పే అవకాశం పాత్రల చేతిలో ఉంటుంది.

గ్రహణాలది మరో పద్ధతి. 18 ఏళ్ల 11 రోజుల 8 గంటలకు అలాంటి గ్రహణమే మళ్లీ వస్తుంది గానీ, ఆ 8 గంటల్లో భూమి మూడోవంతు తిరిగిపోతుంది. 1980 ఫిబ్రవరి 16న హైదరాబాద్ దగ్గరి జపాల్-రంగాపూర్ నుంచి సంపూర్ణంగా చూసిన సూర్యగ్రహణం వరసలో తర్వాతిది 1998లో కరీబియన్ దీవుల మీద, ఆ తర్వాతిది 2016లో ఇండొనేషియా మీద పడ్డాయి. వింత తిరిగొస్తుంది, మన ఊరికి మాత్రం కాదు.

అన్నిటికన్నా ఎక్కువగా మరిచిపోయేది మర్నాటి సంగతి. మిజోరంలో సుమారు 48 ఏళ్లకోసారి వెదురు పూస్తుంది. పూలతో కథ మొదలవుతుందంతే. కాయలు తిని ఎలుకలు లెక్కకు మించి పెరుగుతాయి, కాయలు అయిపోయాక వరి మీద పడతాయి. 1959 నాటి ఆ కరువులో సాయం కోసం పుట్టిన సంఘమే తర్వాత రాజకీయ పక్షంగా మారి 1966లో తిరుగుబాటుకు దిగింది. 2007లో వెదురు మళ్లీ పూసింది. మన ఫాంటసీల్లో ఏరు వెనక్కి పారుతుంది, అందరూ చేతులు జోడిస్తారు, అధ్యాయం ముగుస్తుంది. ఉప్పుమళ్లు ఏమయ్యాయి, రేవులో పడవలు ఎక్కడ తేలాయి, మంచినీటి బావులు ఎన్నాళ్లు చవుడెక్కాయి అన్న మాటే ఉండదు.

కథల పోటీ పెట్టినప్పుడు ఫాంటసీ విభాగానికి ఒక చిన్న నిబంధన చేర్చమని మనవి. కథతో పాటు ఆ లోకపు క్యాలెండర్ ఒక పేజీలో జతచేయాలి: ఏడాదికి ఎన్ని రోజులు, నెలకు ఎన్ని, నెల అమావాస్యతో ముగుస్తుందా పున్నమితోనా. చివరిది చిన్న విషయం కాదు. మన మాఘ బహుళ చతుర్దశి నాటి శివరాత్రి ఉత్తరాదివారికి ఫాల్గుణంలో వస్తుంది. ఆ పేజీ అచ్చు వేయనక్కర్లేదు, న్యాయనిర్ణేతలు చూస్తే చాలు.

ఇట్లు,
పంచాంగం చూడటం తెలిసిన ఒక పాఠకుడు,
రాజమహేంద్రవరం