తివాచీ అడిగితే బోర్డు వచ్చింది

సంపాదకుల వారికి,

మూడు వారాల కిందట మీ ఆదివారం అనుబంధంలో 'అబాట్ ఎలిమెంటరీ' అనే అమెరికా కామెడీ సీరియల్ గురించి రాశారు. ఫిలడెల్ఫియాలోని ఓ సర్కారు బడి టీచర్ల కథ అది. ఆ ఊరి దగ్గరే మా అమ్మాయి ఇంట్లో ఉంటున్నాను కాబట్టి, మొదటి ఎపిసోడ్ రెండుసార్లు చూశాకే కలం పట్టాను. మీ వ్యాసకర్త ఒక్కసారైనా చూశారా అని నా అనుమానం. కడుపుబ్బ నవ్విస్తుందనీ, టీచర్లు త్యాగమూర్తులనీ రెండు ముక్కలు రాసి, ఎమ్మీ అనే టీవీ అవార్డులు లెక్కపెట్టి వదిలేశారు.

ఇంతకీ అందులో జరిగిందేమిటి? రెండో తరగతి గదిలో పాత తివాచీ మీద ఓ పిల్లాడు పాస్ పోశాడు. కొత్తది కావాలని జనీన్ టీచర్ మొత్తుకుంది. పైనుంచి 3,000 డాలర్లు వచ్చాయి. ప్రిన్సిపాల్ గారు ఆ డబ్బుతో బడికి కొత్త బోర్డు పెట్టించింది, దానిమీద తన బొమ్మతో సహా! చివరికి మెలిసా అనే టీచరమ్మ తెలిసినవాళ్లని పట్టుకుని తివాచీలు తెప్పించింది. మా అల్లుడు పగలబడి నవ్వాడు. నాకు నవ్వు రాలేదు.

నేను పాఠాలు చెప్పిన పల్లె బడిలో తివాచీలెక్కడివి, కింద పరుచుకునే పట్టాలే. అవి చిరిగిపోతే రైస్‌మిల్లు గుమాస్తాని బతిమాలి ఖాళీ గోనెసంచులు తెచ్చి, ఊళ్లో టైలర్ చేత మూడేసి కలిపి కుట్టించాను. వాన మొదలైతే ఒకటో తరగతి పిల్లలు కూడా ఎవరూ చెప్పకుండానే పట్టా ఎత్తుకుని కారని మూలకి జరిగిపోయేవాళ్లు. ఆ ఏడే ఎవరో పెద్దాయన వస్తున్నారని రాత్రికి రాత్రి గేటుకి రంగులేశారు. కారే స్లాబు సంగతి అడిగితే 'ప్రతిపాదనలు పంపాం'. వందమంది లోపు పిల్లలున్న మా బడికి ఏడాది గ్రాంటు 25 వేలు. అదీ మార్చి ఆఖర్లో ఖాతాలో పడేది, 31లోగా ఖర్చుపెట్టి, ఖర్చయిపోయిందని యుటిలైజేషన్ సర్టిఫికెట్ ఇవ్వాలి. వానలు వచ్చేది జూన్‌లో కదండీ!

సొంత డబ్బు పెట్టిన టీచరుకి మాత్రం శాలువా కప్పుతారు. ఆ శాలువా ఖరీదుకి ఎన్ని డబ్బాల సుద్దముక్కలు వస్తాయో ఎవరూ లెక్కవేయరు. ఇక్కడ అమెరికాలోనూ అదే తంతు. టీచర్లు బడికోసం పెట్టిన సొంత ఖర్చులో కొంత మొత్తానికి ఆదాయపు పన్ను లెక్కలో మినహాయింపు ఉంది. అంటే వాళ్ల జేబు ఖాళీ అవుతుందని సర్కారుకి ముందే తెలుసన్నమాట!

ఫిలడెల్ఫియా ఉన్న పెన్సిల్వేనియా రాష్ట్రంలో బడుల డబ్బు చాలావరకు స్థానికంగా వసూలయ్యే ఇళ్ల పన్ను మీద ఆధారపడుతుంది. ఇళ్లు ఖరీదైనచోట బడి బాగుంటుంది, మిగతాచోట్ల పిల్లల ఖర్మ. ఈ పద్ధతి రాష్ట్ర రాజ్యాంగానికే విరుద్ధమని 2023 ఫిబ్రవరిలో ఈ రాష్ట్ర కోర్టే తేల్చింది. మీ వ్యాసంలో ఆ ఊసే లేదు. మనవాళ్లూ ఇల్లు కొనేటప్పుడు వాస్తు తర్వాత చూసేది స్కూల్ రేటింగే. మా అమ్మాయీ అంతే, దాచేదేముంది.

వచ్చే జూన్‌లో మీ విలేకరిని ఏదైనా పల్లె బడికి పంపండి. వాన పడేరోజు చూసి పంపండి. ఫొటో మాత్రం గేటు దగ్గర తీయొద్దని చెప్పండి.

– ఓ విశ్రాంత ఉపాధ్యాయురాలు
(ప్రస్తుతం ఫిలడెల్ఫియా దగ్గర)